చేతులు మారిన సీమ: పెన్నా నడిలోయ రాజకీయ చరిత్ర

పెన్నా నది కర్ణాటకలోని నందికొండల దగ్గర పుట్టి, 597 కిలోమీటర్లు పారి, నెల్లూరు జిల్లా ఊటుకూరు దగ్గర సముద్రంలో కలుస్తుంది. పీఠభూమిని వదిలి తీరానికి దిగే దారిలో ఆ నదికి రెండు పెద్ద అడ్డంకులున్నాయి. పడమట ఎర్రమల కొండలు, తూర్పున నల్లమల, పాలకొండల వరస. ఎర్రమలను గండికోట దగ్గర నిలువునా కోసుకుని పెన్న బయటపడుతుంది. తూర్పు కొండలను సిద్ధవటం దగ్గర దాటుతుంది. ఈ రెండు కొండల నడుమ పరుచుకున్న మైదానమే పెన్నా నడిలోయ. ఎర్రగుంట్ల, ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, కమలాపురం ఈ లోయలోని ఊళ్లే. దక్షిణాన కొండల పాదాల దగ్గర పులివెందుల ఉంది. పడమటి నుంచి చిత్రావతి, ఉత్తరాన నంద్యాల వైపు నుంచి కుందూ, దక్షిణాన పాపాఘ్ని వచ్చి పెన్నలో కలుస్తాయి.

ఈ లోయకు వాన తక్కువ. ఏడాదికి సుమారు 700 మిల్లీమీటర్లు. కానీ నేల తక్కువది కాదు. కుందూ, పెన్నా గట్ల వెంట లోతైన నల్లరేగడి ఉంది. పత్తి, జొన్న, శనగ దాని పంటలు. పంతొమ్మిదో శతాబ్దంలో నీలిమందు కూడా ఇక్కడ విరివిగా పండింది. రేగడి కింద పలకలు పలకలుగా పేరుకున్న సున్నపురాయి ఉంది. భూగర్భ శాస్త్రవేత్త విలియం కింగ్ 1872లో కడప, కర్నూలు శిలావరసల మీద పెద్ద నివేదిక ప్రచురించాడు. అప్పటినుంచి ఈ రాళ్ల పేరు ప్రపంచమంతటా భూగర్భ శాస్త్రంలో కడప పేరుతోనే నడుస్తోంది. ఎర్రగుంట్ల చుట్టూ ఇంటి గచ్చుకు వేసే నాపరాళ్లు ఆ సున్నపురాయివే. చిలంకూరులోనూ ఎర్రగుంట్ల పక్కనా సిమెంటు కర్మాగారాలు లేచింది కూడా ఆ రాయి కోసమే.

కొండలకు రెండు గండ్లు, మధ్యన పండే నేల. ఈ అమరిక లోయ రాజకీయాన్ని చాలావరకు నిర్ణయించింది. పడమటి పీఠభూమిని ఏలినవాడికి తీరానికి దిగడానికి ఈ దారి కావాలి. తూర్పు తీరాన్ని ఏలినవాడికి పీఠభూమి మీదికి ఎక్కడానికి ఇదే దారి కావాలి. అందువల్ల ఈ లోయ పెద్ద రాజ్యానికి రాజధాని కావడం అరుదు. పెద్ద రాజ్యాలకు సరిహద్దుగానే ఎక్కువ కాలం గడిపింది.

అయినా మొదటి అధ్యాయం మాత్రం లోయ సొంతదే. ఎర్రగుంట్ల దగ్గర కలమళ్ల అనే ఊరుంది. అక్కడి గుడి ఆవరణలో దొరికిన శాసనాన్ని పండితులు సుమారు క్రీ.శ. 575 నాటిదిగా లెక్కగట్టారు. ఇంతవరకు దొరికినవాటిలో తెలుగు భాషలో రాసిన తొలి శాసనంగా దానికి పేరు. అది వేయించిన కాలంలో, అప్పట్లో రేనాడు అని పిలిచిన ఈ సీమను ఏలుతున్నవాడు ఎరికల్ ముత్తురాజు ధనంజయుడు. శాసనంలో కొన్ని పంక్తులు చెరిగిపోయాయి. మిగిలిన మాటల్లో రేనాడు పేరు, చిఱుంబూరు అనే ఊరి పేరు స్పష్టంగా ఉన్నాయి. ఆ చిఱుంబూరే ఇప్పటి చిలంకూరని పరిశోధకులు గుర్తించారు. చుట్టుపక్కల రాజ్యాలు ఎక్కువగా సంస్కృతంలో శాసనాలు వేయిస్తున్న రోజుల్లో, ఒక చిన్న రాజు పాలనలో రాజ్యవ్యవహారం జనం మాట్లాడే మాటలో రాతికెక్కింది. తెలుగువారి రాజకీయ చరిత్రలో దీని విలువ ఏ కోటకూ తీసిపోదు.

ధనంజయుడి వంశమైన రేనాటి చోళులు తమిళదేశపు కరికాల చోళుడి వంశం పేరు చెప్పుకున్నారు. వారి దేశం శాసనాల్లో రేనాడు ఏడువేలు అన్న పేరుతో కనిపిస్తుంది. పడమట బాదామి చాళుక్యులు, దక్షిణాన కంచి పల్లవులు. ఆ రెండు శక్తుల మధ్య ఎటు మొగ్గితే బతుకుతామో చూసుకుంటూ ఈ రాజులు రెండు వందల ఏళ్లకు పైగా నిలిచారు. ఏడో శతాబ్దంలో భారతదేశంలో తిరిగిన చైనా యాత్రికుడు హ్యూయన్ త్సాంగ్ ధాన్యకటకానికి నైరుతిగా ఉన్న చోళదేశం ఒకదాన్ని వర్ణించాడు. అడవులు ఎక్కువని, జనం తక్కువని, దొంగల గుంపులు బాహాటంగా తిరుగుతాయని రాశాడు. అది తమిళ చోళదేశం కాదని, ఈ రేనాడేనని చాలామంది చరిత్రకారుల అభిప్రాయం. కొందరు దాన్ని మరికొంచెం ఉత్తరంగా, కర్నూలు వైపు చూపిస్తారు. ఎలా చూసినా రాయలసీమ నడిభాగాన్ని చూసి రాసిన తొలి విదేశీ వర్ణన అది.

ఆ తర్వాతి శతాబ్దాల్లో వైదుంబులు, రాష్ట్రకూటులు, కల్యాణి చాళుక్యులు ఒకరి తర్వాత ఒకరు ఇక్కడ అధికారం చేశారు. కాకతీయుల కాలంలో కాయస్థ సామంతులు వల్లూరు కేంద్రంగా పాలించారు. వారిలో అంబదేవుడు రుద్రమదేవి మీద తిరగబడి కొంతకాలం స్వతంత్రంగా ఏలాడు. సరిహద్దు సామంతుడు బలపడితే దూరాన ఉన్న రాజధానికి ఎంత చిక్కో ఆ తిరుగుబాటు చెబుతుంది.

విజయనగర కాలానికి లోయ రాజకీయమంతా గండికోట చుట్టూ చేరింది. కోటకు ఉత్తరాన పెన్న తవ్వుకున్న లోతైన లోయ ఉంది. ఎర్రని రాతిగోడలు నిట్టనిలువుగా నది మీదికి దిగుతాయి. ఆ వైపు ప్రాకారం అవసరమే లేదు. మిగిలిన వైపుల రాతిగోడ కట్టారు. పెమ్మసాని నాయకులు ఈ కోటను తరతరాలుగా ఏలారు. కృష్ణదేవరాయల యుద్ధాల్లో పెమ్మసాని రామలింగ నాయుడి పేరు గట్టిగా వినిపిస్తుంది. 1565లో తళ్లికోట యుద్ధంతో విజయనగరం కూలినా గండికోట వెంటనే కూలలేదు. మరో ఎనభై ఏళ్లకు పైగా పెమ్మసానివారు దాన్ని కాపాడుకున్నారు. 1650లో గోల్కొండ సేనాధిపతి మీర్ జుమ్లా కోటను పట్టుకున్నాడు. అప్పుడు కోటను ఏలుతున్నవాడు పెమ్మసాని చినతిమ్మానాయుడు.

మీర్ జుమ్లా జీవితం చూస్తే పదిహేడో శతాబ్దపు ఆసియా ఎంత తెరిచిన లోకమో తెలుస్తుంది. అతడు ఇరాన్‌లోని ఇస్ఫహాన్ దగ్గర అర్దిస్తాన్‌లో పుట్టాడు. వర్తకుల కొలువులో గోల్కొండ చేరి, వజ్రాల వ్యాపారంలో సంపన్నుడై, కుతుబ్‌షాహీ రాజ్యానికి ప్రధాని అయ్యాడు. కర్ణాటక సీమను జయించి, దాదాపు తన సొంత రాజ్యంలా నడిపాడు. ఫ్రెంచి నగల వర్తకుడు తావర్నియే 1652లో అతన్ని కలవడానికి గండికోటకు వచ్చాడు. మీర్ జుమ్లా చూడకుండా గోల్కొండ సుల్తాను ముత్యాలు కొనడు కాబట్టి ఆ ప్రయాణం తప్పలేదు. తావర్నియే అక్కడ చూసింది వివరంగా రాసి పెట్టాడు. మీర్ జుమ్లా ఆ దేశపు అలవాటు ప్రకారం పాదరక్షలు లేకుండా గుడారంలో కూర్చుని ఉన్నాడు. కాలివేళ్ల సందుల్లో కొన్ని ఉత్తరాలు, ఎడమచేతి వేళ్ల సందుల్లో మరికొన్ని. ఒకసారి కాలి నుంచి, ఒకసారి చేతి నుంచి ఒక్కో ఉత్తరం తీస్తూ, ఇద్దరు రాయసగాళ్లకు జవాబులు చెబుతూ, కొన్నింటికి తానే రాస్తూ పని నడిపిస్తున్నాడు. అదే చోట క్లోద్ మాయ్ అనే ఫ్రెంచి పనివాడు అతని కోసం ఫిరంగులు పోతపోసే పనిలో ఉన్నాడు. అందుకు కావలసిన రాగిని గుళ్లలోని విగ్రహాల నుంచి పోగుచేశారని కూడా తావర్నియే రాశాడు. ఇరానీ సేనాధిపతి, ఫ్రెంచి పోతపనివాడు, తెలుగు నాయకుల కోట, తెలుగు గుళ్ల లోహం. దూరదేశాల రాజకీయం ఒక ఊరి దేవుణ్ణి కూడా వదలలేదు.

1655లో గోల్కొండ సుల్తానుకు, మీర్ జుమ్లాకు చెడింది. అతడు మొఘలుల పక్షం చేరాడు. షాజహానుకు గొప్ప వజ్రాన్ని కానుకగా ఇచ్చాడు. ఔరంగజేబు కాలంలో బెంగాలు సుబేదారై కూచ్ బిహారును, అస్సామును ముట్టడించాడు. ఆ దండయాత్ర నుంచి తిరిగి వస్తూ 1663లో చనిపోయాడు. అతని సమాధి అస్సాం అంచున మాన్‌కాచర్‌లో ఉంది. పెన్నా లోయలో అతను కూడబెట్టిన సంపద, నేర్చిన యుద్ధం ఆసియా ఖండపు మరో కొసను కుదిపాయి. గండికోటలో ఇప్పటికీ మాధవరాయ, రంగనాథ ఆలయాలు, జామా మసీదు, దాని పక్కనే పెద్ద ధాన్యాగారం నిలిచి ఉన్నాయి.

1687లో గోల్కొండ మొఘలుల వశమైంది. పద్దెనిమిదో శతాబ్దం తొలినాళ్లలో మొఘల్ పట్టు సడలగానే మయానా పఠాన్ వంశపు అబ్దుల్ నబీఖాన్ కడప నవాబుగా స్థిరపడ్డాడు. కడప, కర్నూలు, సావనూరు పఠాన్ నవాబులు ముగ్గురూ దక్కను రాజకీయంలో చిన్నవాళ్లే. కానీ ఒక్క క్షణంలో త్రాసును తిప్పగలిగిన చిన్నవాళ్లు. 1750 డిసెంబరులో జింజీ దగ్గర వారి కుట్రకే నిజాం నాసిర్ జంగ్ బలయ్యాడు. అతని మేనల్లుడు ముజఫర్ జంగును ఫ్రెంచివారు గద్దెనెక్కించారు. రెండు నెలలు తిరగకముందే, 1751 ఫిబ్రవరిలో, కడప సీమలో రాయచోటి దగ్గర లక్కిరెడ్డిపల్లె కనుమలో ఆ ముగ్గురు నవాబులే కొత్త నిజాముకు అడ్డం తిరిగారు. ముజఫర్ జంగ్ అక్కడే హతమయ్యాడు. అతన్ని చంపిన కర్నూలు నవాబు హిమ్మత్ ఖాన్ కూడా ఆ పోరులోనే చచ్చాడు. ఫ్రెంచి సేనాని బుస్సీ వెంటనే సలాబత్ జంగును నిజాముగా ప్రకటించాడు. హైదరాబాదుకు ఎవరు ప్రభువో కడప కొండదారిలో తేలింది. కోస్తాలోని సర్కారులు ఫ్రెంచివారి చేతికి వెళ్లడానికి దారి కూడా ఇక్కడి నుంచే పడింది.

1757లో మరాఠాలతో యుద్ధంలో కడప నవాబు అబ్దుల్ మజీద్ ఖాన్ మరణించాడు. 1779లో మైసూరును ఏలుతున్న హైదరాలీ ఆఖరి నవాబు హలీం ఖాన్‌ను సిద్ధవటంలో లొంగదీసుకుని శ్రీరంగపట్నానికి పంపించాడు. 1792లో టిప్పు సుల్తాను ఓడిపోయాక శ్రీరంగపట్నం సంధిలో కడప నిజాము వాటాకు వచ్చింది. ఎనిమిదేళ్ల తర్వాత అది మళ్లీ చేతులు మారింది. ఇరవై ఒక్క ఏళ్లలో ఎర్రగుంట్ల రైతు నవాబుకు, మైసూరుకు, నిజాముకు, ఇంగ్లీషు కంపెనీకి శిస్తు కట్టాడు. ఏ మార్పులోనూ అతని మాట అడిగినవాడు లేడు.

1800 అక్టోబరు 12న నిజాం అలీఖాన్ కంపెనీతో చేసుకున్న ఒప్పందం అసలు మలుపు. కంపెనీ సైన్యం ఒకటి నిజాం రాజ్యంలో ఉంటుంది, అతన్ని కాపాడుతుంది. ఆ సైన్యం ఖర్చు నిజాం భరించాలి. డబ్బు ఏటేటా ఇవ్వడానికి బదులు, 1792లోనూ 1799లోనూ మైసూరు నుంచి తన వాటాకు వచ్చిన భూమినే శాశ్వతంగా ఇచ్చేశాడు. కడప, బళ్లారి, అనంతపురం సీమలు, కర్నూలు జిల్లాలో కొంత భాగం అలా కంపెనీ పాలైనవి. కర్నూలు నవాబు సొంత ఇలాకా మాత్రం 1839 దాకా నవాబు చేతిలోనే ఉంది. కంపెనీకి దత్తమైనవి కాబట్టి ఈ ప్రాంతాలకు దత్తమండలాలు అన్న పేరు వచ్చింది. అది ఇక్కడి జనం పెట్టుకున్న పేరు కాదు.

ఈ పద్ధతి దక్కనుకే పరిమితం కాలేదు. మరుసటి ఏడాది, 1801లో, అవధ్ నవాబు కూడా సైన్యం ఖర్చు కింద రోహిల్‌ఖండ్, గోరఖ్‌పూర్, దోఆబ్ ప్రాంతాలను కంపెనీకి రాసిచ్చాడు. 1800లోనే మలయాలో కెడా సుల్తాను, సైన్యం బాకీ కింద కాకపోయినా ఒప్పందం మీదే, పినాంగ్ ద్వీపానికి ఎదురుగా ఉన్న తీరపు పట్టీని కంపెనీకి అప్పగించాడు. గవర్నర్ జనరల్ వెల్లస్లీ పేరే ఆ పట్టీకి పెట్టారు. రక్షణ పేరుతో సైన్యాన్ని పెట్టడం, దాని బాకీ కింద నేల రాయించుకోవడం అప్పటి రాజ్యవిస్తరణకు ప్రధాన సాధనం. యుద్ధంలో గెలిచిన భూమి కన్నా ఇలా కాగితం మీద వచ్చిన భూమి కంపెనీకి చౌకగా దక్కింది.

దత్తమండలాలకు మొదటి ప్రధాన కలెక్టరుగా థామస్ మన్రో వచ్చి 1807 దాకా పనిచేశాడు. అతని కింద నలుగురు సబ్‌ కలెక్టర్లు. అప్పటికి ఈ సీమలో సుమారు ఎనభై మంది పాళెగాళ్లు ఉన్నారు. ప్రతివాడికీ ఒక చిన్న కోట, కట్టుబడి బంట్లు, సొంత శిస్తు వసూలు. మూడు రాజ్యాల సరిహద్దుగా ఉన్న నేలలో వారు పుట్టుకురావడం సహజం. పై ప్రభువు మారినప్పుడల్లా ఊరికి దగ్గరలో మిగిలిన అధికారం వారిదే. కంపెనీ వారి బంట్లను రద్దు చేసింది. కొందరికి పింఛన్లు ఇచ్చింది, మాట వినని వారి మీదికి సైన్యాన్ని పంపింది. 1801లో ఆదోని వైపు తెర్నేకల్లు కోట దగ్గర గట్టి పోరాటమే జరిగింది.

పాళెగాళ్లను పక్కకు తోసి మన్రో రైతుతో నేరుగా లెక్క పెట్టుకున్నాడు. ప్రతి చేనునూ 33 అడుగుల గొలుసుతో కొలిపించాడు. ఆ గొలుసుకు చదరం ఒక గుంట, నలభై గుంటలు ఒక ఎకరం. ఏ చేను ఎవరిది, ఏ రకం నేల, ఎంత శిస్తు అన్నది ఊరి కరణం లెక్కలోకి ఎక్కింది. ఇదే రైతువారీ పద్ధతి. మన్రో వెళ్లాక 1808లో దాన్ని పక్కన పెట్టి ఊళ్లను గుత్తకు ఇచ్చారు. అది చెడిపోయాక, మన్రో మద్రాసు గవర్నరైన కాలంలో రైతువారీ మళ్లీ వచ్చింది. 1827లో ఈ సీమ పర్యటనలోనే పత్తికొండ దగ్గర మన్రో కలరాతో మరణించాడు. అతని పట్ల రాయలసీమలో చాలాకాలం గౌరవం నిలిచింది. దానికి కారణముంది. శిస్తు భారమైనా, ఎవరికి ఎంత కట్టాలో రైతుకు తెలిసిన కాలం అది. కానీ కరువు వచ్చినప్పుడు కూడా ఆ లెక్క తగ్గకపోవడం ఆ పద్ధతి లోపం. కంపెనీ సర్వే అధికారి మెకెంజీ దొర తరపున ఊరూరా సేకరించిన కైఫీయత్తులు, అంటే ఊరి చరిత్ర పత్రాలు, కూడా ఈ కాలానివే. ఏ చెరువు ఎవరు తవ్వించారు, ఏ ప్రభువు ఎప్పుడు వచ్చాడు అన్నది ఊరి మనుషులు చెప్పగా రాసినవి కాబట్టి కడప సీమ చరిత్రకు వాటిని మించిన ఆధారాలు తక్కువ.

పింఛనుతో సరిపెట్టిన పాళెగాళ్ల కథ అక్కడితో ముగియలేదు. నొస్సం పాళెగాడి దౌహిత్రుడు ఉయ్యాలవాడ నరసింహారెడ్డి పింఛను విషయంలో జరిగిన అన్యాయం మీద 1846లో తిరగబడ్డాడు. కోయిలకుంట్ల ఖజానా మీద దాడి చేశాడు. 1847 ఫిబ్రవరి 22న అతన్ని ఉరి తీశారు. కోయిలకుంట్ల అప్పటికి కడప జిల్లాలోనే ఉంది. 1858లో కర్నూలు జిల్లాలో కలిసింది. జిల్లా హద్దు మారినా జనం అతన్ని రేనాటి వీరుడు అనే పిలుస్తారు. పన్నెండు వందల ఏళ్ల కిందటి రాజ్యం పేరు పాటల్లోనూ కథల్లోనూ నిలిచిందంటే, కలెక్టరు గీసిన గీత కన్నా ఆ పేరు లోతుగా పాతుకుపోయిందనే అర్థం.

1871లో మద్రాసు రైలుమార్గం రాయచూరు దగ్గర బొంబాయి మార్గంతో కలిసింది. ఆ దారి కడప, ఎర్రగుంట్ల, ముద్దనూరు, తాడిపత్రి మీదుగా గుంతకల్లుకు వెళ్తుంది. సైన్యాలు నడిచిన లోయ వెంటే రైలూ నడిచింది. అంతకుముందు కోటల వల్ల జమ్మలమడుగు, గండికోటలకు ఉన్న ప్రాముఖ్యం ఇప్పుడు స్టేషనున్న ఎర్రగుంట్లకు వచ్చింది. ప్రొద్దుటూరు వర్తకానికి రైలు దిగే చోటు కూడా ఇదే అయింది. అదే కాలంలో తుంగభద్ర మీద సుంకేసుల నుంచి కడప దాకా కాలువ తవ్వారు. పడవలు కూడా నడపాలన్నది తవ్విన ప్రైవేటు కంపెనీ ఆశ. లాభం రాలేదు. 1882లో ప్రభుత్వం దాన్ని కొనుక్కుంది. కర్నూలు-కడప (కె.సి.) కాలువగా అది ఇప్పటికీ పొలాలను తడుపుతోంది.

దత్తమండలాలు అన్న పేరును ఇక్కడివారు వదిలించుకున్నది 1928 నవంబరులో. నంద్యాల ఆంధ్ర మహాసభ సందర్భంలో చిలుకూరి నారాయణరావు సూచించిన రాయలసీమ అన్న పేరు స్థిరపడింది. 1937 నవంబరు 16న మద్రాసులో కాశీనాథుని నాగేశ్వరరావు ఇల్లు శ్రీబాగ్‌లో కోస్తా, సీమ నాయకులు ఒప్పందం చేసుకున్నారు. కడప కోటిరెడ్డి, కల్లూరు సుబ్బారావు సీమ పక్షాన ముఖ్యులు. రాజధాని, హైకోర్టులలో ఒకటి సీమకు రావాలని, కృష్ణా, తుంగభద్ర, పెన్నా నీళ్లలో కొన్నేళ్లపాటు సీమ అవసరాలకే ముందు చోటు ఇవ్వాలని అందులో రాసుకున్నారు. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు కర్నూలు రాజధాని అయింది. బళ్లారి జిల్లా మాత్రం భాష లెక్కన చీలింది. ఆదోని, ఆలూరు, రాయదుర్గం ఆంధ్రకు, బళ్లారి పట్టణం మైసూరుకు వెళ్లాయి. 1800లో ఒక్క కాగితంతో కలిసిన సీమ ఇలా విడిపోయింది. 1956లో రాజధాని హైదరాబాదుకు మారింది. 2014లో రాష్ట్రం మళ్లీ విడిపోయింది. ఒకప్పుడు కమలాపురం తాలూకాలో ఉన్న ఎర్రగుంట్ల 1985లో మండల కేంద్రమైంది. 2022 ఏప్రిల్‌లో కడప జిల్లా నుంచి రాయచోటి, రాజంపేట ప్రాంతాలు అన్నమయ్య జిల్లాగా వేరుపడ్డాయి. పెన్నా నడిలోయ కడప జిల్లాలోనే మిగిలింది.

నీటి విషయం మాత్రం శ్రీబాగ్ నుంచి నేటిదాకా తెగలేదు. గాలేరు-నగరి పథకం కింద శ్రీశైలం నుంచి గోరకల్లు, అవుకు జలాశయాల మీదుగా కృష్ణా నీళ్లు ఇప్పుడు పెన్నా లోయకు వస్తున్నాయి. అవి చేరేది గండికోట జలాశయానికి. దాని సామర్థ్యం 26.85 టి.ఎం.సి.లు. 2020లో అది నిండడం కోసం తాళ్ల ప్రొద్దుటూరు వంటి ఊళ్లు ఖాళీ చేయాల్సి వచ్చింది. రైలు విషయానికొస్తే, 2016లో ఎర్రగుంట్ల, నంద్యాల రైలుమార్గం తెరుచుకుంది. ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, కోయిలకుంట్ల, బనగానపల్లె మీదుగా సాగే 123 కిలోమీటర్ల ఆ దారితో రేనాటి నడిభాగానికి తొలిసారి రైలు వచ్చింది.